చేతులు లోపలికి లాక్కుంటే వేగం పెరుగుతుంది సరే, ఆ వేగం ఇచ్చిందెవరు?

మీ ప్రశ్నను నా మాటల్లో ఒకసారి చెప్పుకుంటాను. ఇంటర్ ఫస్టియర్ చదువుతున్న మీ అమ్మాయి టీవీలో ఐస్ స్కేటింగ్ చూసింది. చేతులు చాపి నింపాదిగా తిరుగుతున్న మనిషి, ఆ చేతుల్ని గుండెకు హత్తుకోగానే బొంగరంలా గిర్రున తిరిగింది. ఎందుకని అడిగితే "చుట్టు చిన్నదైంది కదమ్మా, అదే వేగంతో వెళ్తే చిన్న చుట్టు త్వరగా అయిపోతుంది" అన్నారు మీరు. పాఠ్యపుస్తకం చూస్తే "కోణీయ ద్రవ్యవేగ నిత్యత్వ నియమం" అని, అంటే బయటి నుంచి ఎవరూ మెలి తిప్పకపోతే వస్తువుకున్న మొత్తం తిరుగుడు మారదని, ఒక్క వాక్యంలో తేల్చేసింది. అమ్మాయి మాత్రం "బయటి నుంచి ఎవరూ తోయలేదుగా, మరి ఆ ఎక్కువ వేగం ఎవరిచ్చారు?" అని అక్కడే పట్టుకుని కూర్చుంది.

ముప్పై ఏళ్లకు పైగా ఇంటర్ పిల్లలకు ఫిజిక్స్ చెప్పాను. మొహమాటం లేకుండా చెప్తున్నాను, మీరు చెప్పింది తప్పు. పుస్తకం చెప్పింది ఒప్పే కానీ సగమే. మీ అమ్మాయి అడిగిందే అసలు ప్రశ్న, నా సర్వీసులో ఆ ప్రశ్న అడిగినవాళ్లు పది మంది కూడా ఉండరు. జవాబు చిన్నదే: ఆ వేగం ఇచ్చింది ఆ స్కేటర్ చేతి కండలు. కానీ కండలు చేతుల్ని లోపలికి లాగాయి తప్ప, తిరిగే వైపుకు తోయలేదు కదా. లోపలికి లాగితే ముందుకు వేగం ఎలా వస్తుంది? అదీ అసలు చిక్కు.

ముందు మీ వివరణ సంగతి చూద్దాం. అది తప్పని ఊరికే చెప్తే నమ్మబుద్ధి కాదు, ఎందుకంటే వినడానికి చాలా బాగుంటుంది. ఇంట్లో రెండు చిన్న ప్రయోగాలు చేయండి. మొదటిదానికి ఒక గట్టి దారం, దాని చివర పెన్సిల్ చెరిపే రబ్బరు కట్టండి. దారాన్ని చూపుడు వేలికి కట్టి గిరగిరా తిప్పి, వేలిని కదలకుండా ఉంచండి. దారం వేలికి చుట్టుకుంటూ పొట్టిదవుతుంది, రబ్బరు అంతకంతకూ తొందరగా తిరుగుతుంది. రెండోదానికి రీఫిల్ తీసేసిన పెన్ను గొట్టంలోంచి దారం దూర్చండి. పైన రబ్బరు, కింద దారం చివర మీ ఎడమ చేతిలో. కుడి చేత్తో గొట్టం పట్టుకుని నెత్తి మీద తిప్పుతూ, ఎడమ చేత్తో దారాన్ని కిందికి లాగండి. ఇక్కడా దారం పొట్టిదవుతుంది, ఇక్కడా రబ్బరు తొందరగా తిరుగుతుంది.

పైకి రెండూ ఒకటే. క్లాసులో చాలామంది మాస్టర్లు కూడా రెండింటినీ ఒకే గాటన కట్టేస్తారు. కానీ అవి రెండూ ఒకటి కాదు. వేలికి చుట్టుకునే దాంట్లో మీరు చెప్పిందే నిజం: రబ్బరు వేగం మారదు, చుట్టు మాత్రమే చిన్నదవుతుంది. దారం సగానికి వస్తే సెకనుకు చుట్లు రెట్టింపు, అంతే. గొట్టంలోంచి లాగే దాంట్లో దారం సగానికి వస్తే చుట్లు నాలుగింతలవుతాయి. చుట్టు సగం కావడం వల్ల ఒక రెట్టింపు, రబ్బరు నిజంగానే రెట్టింపు వేగంతో పరిగెత్తడం వల్ల ఇంకో రెట్టింపు. ఎడమ చేతికి ఆ తేడా తెలిసిపోతుంది. దారం సగానికి వచ్చేసరికి దాని లాగుడు ఎనిమిదింతలు పెరుగుతుంది. వేలు పద్ధతిలో రెండింతలే. స్కేటర్ చేసేది గొట్టం పద్ధతి.

తేడా ఎక్కడుంది? వేలికి చుట్టుకునేటప్పుడు మీ చెయ్యి దారాన్ని లాగడం లేదు. దారం ఊరికే చుట్టుకుపోతోంది, లాగుడు ఎప్పుడూ రబ్బరు పోయే దారికి సరిగ్గా అడ్డంగానే ఉంటుంది. అడ్డంగా లాగితే దారి వంగుతుంది, వేగం మారదు. గొట్టం దాంట్లో మీరు పని చేస్తున్నారు. దారాన్ని ఒక బలంతో, ఒక దూరం లాగుతున్నారు. ఆ పని ఎక్కడికో పోవాలి, రబ్బరు వేగంలోకి పోతుంది.

అడ్డంగా లాగితే వేగం మారదని ఇప్పుడే అన్నాను కదా, మరి గొట్టం దాంట్లోనూ లాగుడు మధ్యకే కదా అంటారేమో. ఇక్కడే ఒక కాగితం తీసుకుని బొమ్మ గీయండి. సున్నా కాదు, దోమల బత్తి చుట్ట గీయండి. లోపలికి వస్తున్న వస్తువు వెళ్లే దారి సున్నాలా ఉండదు, ఆ చుట్టలా ఉంటుంది. ఆ గీత మీద ఎక్కడైనా ఒక చుక్క పెట్టి, వస్తువు అప్పుడు ఎటు పోతోందో ఒక బాణం గీయండి. చుక్క నుంచి మధ్యకు ఇంకో బాణం. రెండింటి మధ్య కోణం 90 డిగ్రీలకు కొంచెం తక్కువ ఉంటుంది, ఎందుకంటే వస్తువు ముందుకు పోతూనే కాస్త లోపలికి కూడా పోతోంది. అంటే మధ్యకు లాగే బలంలో ఒక చిన్న వాటా వస్తువు పోయే వైపుకే పనిచేస్తోంది. దాన్ని తోస్తోంది ఆ వాటాయే. అదే చేతులు బయటికి పోతున్నప్పుడైతే కోణం 90 దాటుతుంది, అదే లాగుడు బ్రేకులా పనిచేస్తుంది.

భూమి కూడా ఇదే పని చేస్తుంది. ఏటా జనవరి మొదటి వారంలో, సంక్రాంతికి కొద్ది రోజుల ముందు, భూమి సూర్యుడికి అన్నిటికంటే దగ్గరగా ఉంటుంది, దాదాపు 14.7 కోట్ల కిలోమీటర్లు. అప్పుడు దాని వేగం సెకనుకు 30.3 కిలోమీటర్లు. జూలై మొదట్లో దూరం 15.2 కోట్లు, వేగం 29.3. సూర్యుడు ఎప్పుడూ తన వైపుకే లాగుతాడు, ముందుకు తోయడు. అయినా భూమి దగ్గరకు వస్తున్న ఆరు నెలలూ ఆ లాగుడులో కొంత ముందుకు పనిచేస్తుంది, దూరంగా పోయే ఆరు నెలలూ కొంత వెనక్కి. స్కేటర్‌కి కండలున్న చోట భూమికి సూర్యుడి గురుత్వాకర్షణ ఉంది, అంతే తేడా.

ఇప్పుడు అంకెలతో చూద్దాం. తిరిగే కుర్చీలో కూర్చుని రెండు చేతుల్లో రెండు లీటర్ల నీళ్ల సీసాలు పట్టుకున్నారనుకోండి. ఒక్కోటి 2 కిలోలు. చేతులు బారచాపితే సీసాలు కుర్చీ ఇరుసు నుంచి 80 సెంటీమీటర్ల దూరంలో ఉంటాయి, పొట్ట దగ్గరికి తెచ్చుకుంటే 20 సెంటీమీటర్లు.

జడత్వ భ్రామకం అనే పేరు చూసి పిల్లలు బెదిరిపోతారు కానీ, అది "తిప్పడానికి ఎంత మొండికేస్తుంది" అనే లెక్క. బరువును, ఇరుసు నుంచి దూరాన్ని రెండుసార్లు పెట్టి గుణించడమే. దూరం రెండుసార్లు ఎందుకంటే, కళ్లంలో ఎడ్లను వరసగా కట్టి తొక్కించడం చూసినవాళ్లకు తెలుస్తుంది. గుంజ దగ్గరి ఎద్దు ఉన్నచోటే అడుగులేస్తుంటే, చివరి ఎద్దు పరుగులాంటి నడక నడవాలి. దూరం రెండింతలైతే వేగం రెండింతలు, అది ఒకసారి. పైగా అంత దూరంలో ఉన్న బరువు ఇరుసు మీద చూపే పట్టు కూడా రెండింతలు, అది రెండోసారి.

బరువు కిలోల్లో, దూరం మీటర్లలో వేసి, మనిషి ఒళ్లు, కుర్చీ పైభాగం కలిపి జడత్వ భ్రామకం 1.5 అని ఉజ్జాయింపుగా తీసుకుంటాను. చేతుల బరువు ప్రస్తుతానికి పక్కన పెడదాం. సీసాలు బయట ఉంటే మొత్తం 4.06, లోపల ఉంటే 1.66. నిష్పత్తి దాదాపు రెండున్నర. ఈ అంకెను తిరిగే వేగంతో గుణిస్తే వచ్చేదే కోణీయ ద్రవ్యవేగం, అది మారదు కాబట్టి ఈ అంకె ఎన్నో వంతుకు తగ్గితే వేగం అన్ని రెట్లు పెరగాలి. మొదట రెండు సెకన్లకు ఒక చుట్టు తిరుగుతున్న కుర్చీ, సీసాలు లోపలికి వచ్చాక సుమారు 0.8 సెకన్లకే ఒక చుట్టు తిరుగుతుంది. పుస్తకం ఇక్కడ ఆగిపోతుంది. మనం శక్తి కూడా చూద్దాం. ముందు గతిజ శక్తి 20 జౌళ్లు, తర్వాత 49. అంటే 29 జౌళ్లు కొత్తగా వచ్చి చేరాయి. మూడు కిలోల బియ్యం సంచిని నేల మీంచి మీటరు ఎత్తున్న గట్టు మీద పెట్టడానికి పట్టే పని అది. చేసింది మీ చేతులే. సీసాల్ని లోపలికి లాగుతుంటే అవి బయటికి గుంజుతాయి, ఆ గుంజుడు మొదట్లో ఒక్కో సీసాకు కిలోన్నర బరువంత ఉంటుంది. సీసాలు లోపలికి వచ్చేకొద్దీ పెరిగి, ఇరుసు నుంచి 35 సెంటీమీటర్ల దగ్గర దాదాపు 3 కిలోలకు చేరి, తర్వాత కాస్త తగ్గుతుంది. ఆ బలాన్ని దూరంతో కలిపి లెక్కేస్తే వచ్చేది సరిగ్గా ఆ 29 జౌళ్లే. నేను కాగితం మీద వేసి చూశాను, పైసా తేడా లేదు.

కోణీయ ద్రవ్యవేగం మారదు, శక్తి మారుతుంది. ఈ రెండూ ఒకేసారి నిజం. "నిత్యత్వం" అనే మాట వినగానే పిల్లలు అన్నీ మారకుండా ఉంటాయనుకుంటారు. బయటి నుంచి ఎవరూ మెలి తిప్పకపోతే మారనిది కోణీయ ద్రవ్యవేగం ఒక్కటే. లోపలి నుంచి మీరు పని చేస్తే శక్తి మారుతుంది.

కుర్చీలో కూర్చున్నప్పుడు ఇంకొకటి గమనించమనండి. దాన్ని గమనించేవాళ్లు తక్కువ. సీసాల్ని లోపలికి తెస్తుంటే అవి నేరుగా రావు, తిరిగే వైపుకు పక్కకు తోసుకుపోతున్నట్టు అనిపిస్తుంది. ఎడమ వైపుకు తిరుగుతుంటే రెండు సీసాలూ తిరుగుడు వైపుకే జరిగిపోబోతాయి. వాటిని పోకుండా మీరు భుజంతో ఆపుతారు. ఆపినప్పుడు సీసాలు మీ భుజాన్ని, భుజం మీ ఒంటిని, ఒళ్లు కుర్చీని ముందుకు తిప్పుతాయి. ఒంటికి, కుర్చీకి వేగం చేరేది ఆ దారిలోనే. బంగాళాఖాతంలో వాయుగుండం మధ్యకు పరిగెత్తే గాలి నేరుగా పోకుండా పక్కకు మళ్లి సుడి తిరగడం కూడా ఈ కుదురులోదే. అది బలపడి తుఫానయ్యాక దాని కన్ను, అంటే మధ్యలో ప్రశాంతంగా ఉండే చోటు, అంచున గాలి అంత భయంకరంగా ఉండటానికి ఒక కారణం, దూరం నుంచి నెమ్మదిగా తిరుగుతూ వచ్చిన గాలి దగ్గరకొచ్చేసరికి వేగం పుంజుకోవడం. అక్కడ లాగేది మధ్యలో ఉన్న అల్పపీడనం.

మరి చేతులు మళ్లీ చాపితే? వేగం తగ్గి మొదటి వేగానికే వస్తుంది. ఆ 29 జౌళ్లు ఏమయ్యాయి? సీసాలు బయటికి ఎగిరిపోకుండా మీరు ఆపుకుంటూ వదిలారు కాబట్టి అవి మీ కండల్లో వేడిగా మారాయి. బరువును మెల్లగా దించినప్పుడు కూడా చెయ్యి నొప్పెడుతుందే, అలాగే. పదిసార్లు ముడిచి చాపినా కుర్చీ వేగం పెరగదు, చేతులు మాత్రం పీకుతాయి. మా క్లాసులో ఒక కుర్రాడు "సార్, ముడిచి చాపుతూ ఉంటే ఎప్పటికీ ఆగకుండా తిరగొచ్చా?" అని అడిగాడు. తిరగలేం. బేరింగు రాపిడి, గాలి కలిసి కోణీయ ద్రవ్యవేగాన్ని తినేస్తూనే ఉంటాయి, దాన్ని చేతులు ముడిచి పెంచలేం.

కానీ ఉయ్యాలలో ఊపు పెంచగలం! అట్లతద్దికి చెట్టుకు తాళ్లు కట్టి పీట మీద నిలబడి ఊగే ఉయ్యాల చూసే ఉంటారు. ఊగేవాళ్లు ఏం చేస్తారు? చివరకు వెళ్లి ఒక్క క్షణం ఆగినప్పుడు గొంతు కూర్చుంటారు. కిందికి వచ్చి మంచి ఊపులో ఉన్నప్పుడు లేచి నిలబడతారు. లేవడమంటే ఒంటి బరువును కొమ్మకు దగ్గరగా తీసుకురావడం, అంటే స్కేటర్ చేతులు లాక్కున్నట్టే. సరిగ్గా కింద ఉన్నప్పుడు భూమి లాగుడు నిట్టనిలువుగా ఉంటుంది కాబట్టి కొమ్మ చుట్టూ మెలిపెట్టదు. అందుకని ఆ క్షణంలో కోణీయ ద్రవ్యవేగం మారదు, వేగం పెరగాలి. కొమ్మ నుంచి ఒంటి మధ్యభాగానికి 4 మీటర్లుండి, 30 సెంటీమీటర్లు పైకి లేస్తే ఒక్క ఊపులో వేగం 8 శాతం పెరుగుతుంది. మళ్లీ కూర్చునేది వేగం లేని చోట, అక్కడ కూర్చుంటే ఊపు ఏమీ పోదు. కుర్చీలో ముడిచినంతా చాపేటప్పుడు పోతుంది. ఉయ్యాలలో లాభం వచ్చే చోట లేచి, నష్టం లేని చోట కూర్చుంటారు. ఏ ఫిజిక్సూ చదవని పదేళ్ల పిల్లలు రెండు పూటల్లో ఇది పట్టేస్తారు. నాకు ఇప్పటికీ ఆశ్చర్యమే.

ఒప్పులకుప్ప ఆట గురించి కూడా మీరు అడిగారు. ఇద్దరు ఆడపిల్లలు చేతులు అడ్డంగా పట్టుకుని, పాదాలు దగ్గర పెట్టి, వెనక్కి వాలి తిరుగుతారు కదా. మోచేతులు మడిచి దగ్గరకు వస్తే వేగం పెరగడం నిజమే. కాకపోతే అక్కడ పాదాలు నేలను తంతూనే ఉంటాయి. అంటే బయటి నుంచి నేల తోస్తూనే ఉంది. కాబట్టి మా పాఠానికి అది శుద్ధమైన ఉదాహరణ కాదు. ఆట మాత్రం భేషైన ఆట.

స్కేటర్ దగ్గరికి వద్దాం. అందరూ చేతులనే చూస్తారు, కాలిని చూడరు. మనిషి ఒక కాలు బరువు ఒక చేతికి ఇంచుమించు మూడింతలు. అరవై కిలోల మనిషికి కాలు 10 కిలోలు, చెయ్యి 3 కిలోలు అనుకోండి. అందుకే వేగంగా తిరగాలనుకునే స్కేటర్ మొదట ఒక కాలిని కూడా పక్కకు చాపి పెద్ద చుట్టుతో మొదలుపెడుతుంది. తర్వాత ఆ కాలిని రెండో కాలికి చుట్టినట్టు దగ్గరకు తెస్తుంది, చేతులు గుండె మీదికి వస్తాయి. ఈసారి చూసేటప్పుడు కాలు ఎప్పుడు లోపలికి వస్తుందో గమనించండి, వేగం ఒక్కసారిగా ఎగిసేది అక్కడే. మంచు మీద రాపిడి బాగా తక్కువ కాబట్టి బయటి నుంచి తగ్గించేది కూడా పెద్దగా ఉండదు.

ఎంత వేగం వరకూ వెళ్లొచ్చు? కెనడా స్కేటర్ ఒలివియా ఆలివర్ 2015లో నిమిషానికి 342 చుట్ల వేగంతో గిన్నిస్ రికార్డు కొట్టింది. సెకనుకు 5.7 చుట్లు. ఆ వేగంలో ఇరుసు నుంచి 20 సెంటీమీటర్ల దూరంలో ఉన్న అరచేయి తన బరువుకు 26 రెట్ల బలంతో బయటికి గుంజుతుంది. అరచేయి 400 గ్రాములుంటే 10 కిలోల బకెట్టు వేలాడదీసినట్టు. చేతులు గుండె మీద అందంగా పెట్టుకున్నట్టు కనిపిస్తుంది కానీ, నిజానికి వాటిని ఎగిరిపోకుండా అదిమి పట్టుకుని ఉంటుంది. ఎగిరి తిరిగేవాళ్లకు ఇంకో కష్టం. 2022 సెప్టెంబరులో లేక్ ప్లాసిడ్‌లో అమెరికా కుర్రాడు ఇలియా మాలినిన్ పోటీలో మొదటిసారి క్వాడ్ యాక్సెల్ చేశాడు. గాల్లో నాలుగున్నర చుట్లు. గాల్లో ఉండేది ఒక్క సెకను కూడా కాదు. నేల వదిలాక కోణీయ ద్రవ్యవేగం సంపాదించడానికి ఏ దారీ లేదు, నేల మీద ఎంత తీసుకుంటే అంతే. మిగిలినదంతా ఎంత తొందరగా ముడుచుకుంటాడు, దిగే ముందు ఎంత తొందరగా విప్పుతాడు అన్నదే.

విప్పడం గురించి నా సొంత వీపు సాక్ష్యం చెప్తుంది. చిన్నప్పుడు మా ఊళ్లో మోట బావిలోకి గట్టు మీంచి పిల్లిమొగ్గ వేస్తూ దూకేవాళ్లం. మోకాళ్లు గుండెకు హత్తుకుంటే గిర్రున తిరుగుతాం. మొదటిసారి నేను భయపడి ముందే కాళ్లు చాపేశాను. ముప్పావు చుట్టు తిరిగి, వెల్లకిలా నీళ్ల మీద ఫెడేల్మని పడ్డాను. వీపు సాయంత్రం దాకా ఎర్రగా కందిపోయి ఉంది. మా బావ పైనుంచి నవ్వుతూ "ఒరేయ్, నీళ్లు కనిపించాక విప్పాలిరా, ముందే విప్పితే వీపు పగులుద్ది" అన్నాడు. చాపగానే నా తిరుగుడు ఆగిపోలేదు, మూడో వంతుకో నాలుగో వంతుకో పడిపోయింది. మిగిలిన పావు చుట్టుకు టైం చాలలేదు.

డైవింగ్ పోటీల్లో ఇదే లెక్క సూక్ష్మంగా జరుగుతుంది. 10 మీటర్ల ప్లాట్‌ఫారం నుంచి ఊరికే పడితే నీళ్లు చేరడానికి 1.43 సెకన్లు. ఎగిరిన ఎత్తు కలుపుకున్నా రెండు సెకన్లలోపే అంతా అయిపోవాలి. 109సి అనే డైవ్ ఉంది. మొదటి 1 అంటే ముందుకు, 9 అంటే తొమ్మిది సగం పల్టీలు, అంటే నాలుగున్నర, సి అంటే మోకాళ్లు ముడుచుకుని. నాలుగున్నర పల్టీలు కొట్టినవాడు నీళ్లలోకి మాత్రం సూదిలా నిటారుగా దిగుతాడు. తిరుగుడు ఆపేశాడని మనకు అనిపిస్తుంది. ఆపడం గాల్లో ఎవరి తరమూ కాదు. ఒళ్లు పొడవుగా చాపి తిరుగుడును నెమ్మది చేస్తాడంతే, మిగిలిన కాస్తా నీళ్లు చూసుకుంటాయి. జిమ్నాస్టిక్స్‌లో నీళ్లు లేవు, చాప మీద కాళ్లతో నిలబడాలి. 2016 రియో ఒలింపిక్స్‌లో నాలుగో స్థానంలో నిలిచిన మన దీపా కర్మాకర్ చేసిన ప్రొడునోవా వాల్ట్‌లో రెండు పల్టీలు ముడుచుకుని కొట్టి, విప్పి, దిగాలి. విప్పడం కాస్త ఆలస్యమైతే తిరుగుడు వేగంతోనే నేలను తాకుతారు. ఆ వాల్ట్ అంటే ప్రపంచమంతా ఎందుకు భయపడుతుందో ఇక చెప్పనక్కర్లేదు.

పిల్లిమొగ్గ అన్నాను కాబట్టి పిల్లి గురించి ఒక మాట, పిల్లలు ఎలాగూ అడుగుతారు. తలకిందులుగా, ఏ తిరుగుడూ లేకుండా వదిలినా పిల్లి కాళ్ల మీదే పడుతుంది. 1894లో ఫ్రాన్స్‌లో ఎతియన్ జూల్ మారే వరస ఫొటోలు తీసి దీన్ని చూపించాడు. అది చూసి పెద్దపెద్దవాళ్లే తికమకపడ్డారు, కోణీయ ద్రవ్యవేగం సున్నా ఉన్నది ఎలా తిరిగిందని. పిల్లి నడుము దగ్గర వంగి, ముందు సగాన్ని, వెనక సగాన్ని వేర్వేరు ఇరుసుల మీద మెలిపెడుతుంది. మొత్తం కలిపితే సున్నాయే, కానీ ముఖం తిరిగిపోతుంది. అది ఆకారం మార్చి దిశ మార్చుకోవడం. మనం మాట్లాడుకునేది ఆకారం మార్చి వేగం మార్చుకోవడం. దయచేసి మీ ఇంటి పిల్లి మీద ప్రయోగం చేయొద్దని అమ్మాయికి చెప్పండి.

పెద్దవాటి సంగతి క్లుప్తంగా. 2004 డిసెంబరు 26న మన కోస్తాను కూడా ముంచిన సునామీకి కారణమైన సుమత్రా భూకంపంలో భూమి లోపలి రాళ్లు కొంత కేంద్రానికి దగ్గరగా జరిగాయి. దానివల్ల రోజు 2.68 మైక్రోసెకన్లు తగ్గి ఉంటుందని నాసా శాస్త్రవేత్తలు లెక్క కట్టారు. గడియారంతో కొలిచిన అంకె కాదది, కొలవడానికి మరీ చిన్నది. ఇంకో వైపు, 1054లో చైనావాళ్లు చూసి రాసిపెట్టిన పేలిన నక్షత్రం గర్భం ఇప్పుడు దాదాపు 20 కిలోమీటర్ల వ్యాసమున్న గోళంగా ముడుచుకుపోయి సెకనుకు 30 సార్లు తిరుగుతోంది. అదే క్రాబ్ పల్సర్. అక్కడ "ఎవరు లాగారు?" అంటే, తన బరువే తనను లాగింది.

పరీక్షకు పనికొచ్చేది ఒకటి. "జడత్వ భ్రామకం సగమైతే గతిజ శక్తి ఏమవుతుంది?" అని ఎంట్రన్సుల్లో అడుగుతారు. సగం మంది "మారదు" అని గుర్తు పెట్టి వస్తారు. వేగం రెట్టింపు, శక్తి రెట్టింపు. అమ్మాయి ఆ రెండో రెట్టింపు ఎవరిచ్చారో తెలుసుకుంది కాబట్టి ఇక తప్పు పెట్టదనుకుంటాను.

కుర్చీ ప్రయోగం చేస్తే, ఆఫీసు కుర్చీకి కింద చక్రాలుంటాయి, అవి పక్కలకు జారిపోకుండా నాలుగు వైపులా పుస్తకాలు అడ్డం పెట్టండి. వెనక ఒకరు మెల్లగా తిప్పి వదిలేయాలి. ఫోన్‌లో స్లోమోషన్ వీడియో తీసి చుట్లు లెక్కపెట్టండి. నేను పైన చెప్పిన రెండున్నర రెట్లు సరిగ్గా రాదు, మీ బరువును బట్టి, కుర్చీ బేరింగును బట్టి రెండింతల నుంచి మూడింతల మధ్య వస్తే లెక్క సరే. పది చుట్లకు మించి వద్దు, కళ్లు తిరుగుతాయి. ఇటుకలతో అసలే వద్దు. నేను క్లాసులో ఇటుకలు పట్టుకుని హీరోలా తిరిగి, దిగుతూ తూలి, ఒకటి బొటనవేలి మీద వేసుకుని రెండు వారాలు కుంటాను. సీసాల మూతలు కూడా గట్టిగా బిగించారో లేదో ఒకసారి చూసుకోండి. మా మనవడు చూసుకోలేదు, సోఫా ఆరడానికి రెండు రోజులు పట్టింది.